వణికే చేత్తోనే సంతకం

ఒకాయనకు రాత్రి పక్క మీద వాలగానే గుండె దడదడలాడేది. ఊపిరి అందేది కాదు. ఇక ప్రాణం పోతోందని ఇంటిల్లిపాదినీ లేపి డాక్టరుకు కబురు పెట్టేవాడు. డాక్టరు వచ్చి చూసేసరికి దడ తగ్గిపోయేది. గుండెకు ఏ జబ్బూ లేదని తేలేది. అయినా మర్నాడు పొద్దు వాలుతుంటేనే భయం మొదలు: ఈ రాత్రి మళ్లీ వస్తుందేమో!

వందేళ్ల కిందట టోక్యోలో ఇలాంటి రోగి మొరిటా షోమా అనే మానసిక వైద్యుడి దగ్గరికి వెళ్లాడు. మందు రాసిస్తాడని, కాకపోతే ధైర్యం చెబుతాడని ఆశపడి ఉంటాడు. మొరిటా ఆ రెండూ చేయలేదు. ఈ రాత్రి ఎలా పడుకుంటే దడ త్వరగా వస్తుందో సరిగ్గా అలాగే పడుకోమన్నాడు. దడ వచ్చినా ఎవరినీ పిలవవద్దన్నాడు. దాన్ని కావాలని రప్పించి, వీలైనంత గట్టిగా రానిచ్చి, ఎక్కడ మొదలైందో, ఎలా పెరిగిందో, ఎప్పుడు తగ్గిందో జాగ్రత్తగా గమనించి, మర్నాడు ఆ వివరాలన్నీ తెచ్చి చెప్పమన్నాడు.

రోగి అలాగే పడుకున్నాడు. దడ కోసం కాచుకుని కూర్చున్నట్టే కళ్లు మూసుకుని చూశాడు. అది రాలేదు. ఎదురుచూస్తూ ఎదురుచూస్తూనే నిద్రపోయాడు.

నాకు ఈ వైద్యుడి మీద గౌరవం మొదలైంది ఇక్కడే. మన వ్యక్తిత్వ వికాస పుస్తకాల్లో నూటికి తొంభై భయాన్ని జయించమనే చెబుతాయి. ముందు మనసును సరిచేసుకో, ఆత్మవిశ్వాసం తెచ్చుకో, ఆ తర్వాత రంగంలోకి దిగు అంటాయి. మొరిటా ఈ వరసనే తిప్పేశాడు. మనసు సరికావడం కోసం ఆగకు, భయంతోనే దిగు అన్నాడు. భయం పని చెడగొట్టదు, భయంతో పెట్టుకునే కుస్తీయే చెడగొడుతుంది అన్నది ఆయన జీవితమంతా చెప్పిన మాట.

ఈ మాట ఆయనకు పుస్తకాల్లో దొరికింది కాదు. మొరిటా 1874లో జపాన్‌లోని షికోకు దీవిలో, కోచి ప్రాంతపు పల్లెటూళ్లో పుట్టాడు. చిన్నప్పుడు ఊరి గుడిలో నరకం బొమ్మ చూశాడు. పాపుల్ని మంటల్లో కాల్చడం, కత్తుల మీద నడిపించడం రంగుల్లో గీసి ఉంది. ఆ రాత్రి నుంచి పిల్లవాడికి చావు భయం పట్టుకుంది. ఏళ్లు గడిచినా వదల్లేదు. తండ్రి చదువు విషయంలో మహా కఠినుడు. పాఠం అప్పజెప్పేదాకా నిద్రపోనిచ్చేవాడు కాదట. బడి అంటేనే బెదిరిపోయే కుర్రవాడు, ఎప్పుడూ ఏదో ఒక నలతతో ఉండే కుర్రవాడు చివరికి టోక్యో ఇంపీరియల్ విశ్వవిద్యాలయంలో వైద్యవిద్యార్థి అయ్యాడు.

అక్కడా తలనొప్పి, గుండెదడ, కాళ్ల తిమ్మిర్లు. నరాల బలహీనత అన్నారు, బెరిబెరి అన్నారు. మందులు వాడుతూ, నాడి చూసుకుంటూ, చదువు మీద మనసు నిలవక మొదటి ఏడు పరీక్షల దాకా వచ్చాడు. సరిగ్గా ఆ సమయంలో ఇంటి నుంచి రావలసిన డబ్బు రాలేదు. తండ్రి తనను వదిలేశాడనుకున్నాడు. ఒళ్లు మండిపోయింది. చదివి చదివి చచ్చిపోయి ఈ తండ్రికి బుద్ధి చెబుతాననుకున్నాడు. మందులు అవతల పారేశాడు. ఆరోగ్యం ఊసే ఎత్తకుండా రాత్రింబవళ్లు పుస్తకాల మీద పడ్డాడు.

పరీక్షలు అయ్యాయి. ఫలితం తాను ఊహించనంత బాగా వచ్చింది. చూసుకుంటే తలనొప్పీ లేదు, దడా లేదు. తండ్రి కావాలని చేసిందేమీ కాదనీ, పనుల హడావిడిలో డబ్బు పంపడం ఆలస్యమైందనీ తర్వాత తెలిసింది. ఆ కుర్రవాడు జబ్బును ఓడించలేదు. దాన్ని చూసుకుంటూ కూర్చునే తీరిక పోయింది, అంతే. జబ్బు ఎదురుగా ఉండగానే వేరే పనిలో మునిగిపోయాడు.

దీన్ని చికిత్సగా మార్చడానికి మొరిటాకు ఇంకా దాదాపు 20 ఏళ్లు పట్టింది. 1902లో పట్టా పుచ్చుకుని కురే షూజో దగ్గర చేరాడు. సుగామో ఆసుపత్రిలో మానసిక రోగుల కాళ్లూ చేతులూ కట్టేసే పద్ధతిని మాన్పించిన పెద్దమనిషి ఈ కురే. మొరిటా హిప్నాటిజం ప్రయత్నించాడు. అమెరికా నుంచి వచ్చిన విశ్రాంతి చికిత్స, స్విట్జర్లాండ్ నుంచి వచ్చిన నచ్చజెప్పే చికిత్స, జర్మన్‌లో చదివిన దినచర్య చికిత్స అన్నీ వరసపెట్టి వాడి చూశాడు. కొందరికి కొంత తగ్గేది, మళ్లీ తిరగబెట్టేది. నచ్చజెప్పడం మరీ విఫలమయ్యేది. భయపడేవాడికి తన భయం అర్థం లేనిదని ముందే తెలుసు. తెలిసీ భయపడటమే అతని బాధ.

దారి చూపింది ఒక నర్సు. ఆసుపత్రిలో కలిసి పనిచేసిన ఆమె చాన్నాళ్లుగా నరాల బలహీనతతో నలిగిపోతోంది. 1919లో మొరిటా ఆమెను కొన్నాళ్లు తమ ఇంట్లో ఉండమన్నాడు. ప్రత్యేకంగా వైద్యమేమీ చేయలేదు. ఇంట్లో మనిషిలా ఉంటూ, అందే పని అందుకుంటూ ఆమె నెలరోజుల్లో కోలుకుంది. ఆసుపత్రిలో ఇన్నేళ్లు కుదరనిది ఇంట్లో కుదిరింది. అప్పటికి మొరిటాకు 45 ఏళ్లు. ఇల్లే ఆసుపత్రి అయింది. భార్య హిసాయి రోగులకు అన్నం పెట్టే తల్లి అయింది.

ఇంతకీ ఆయన దగ్గరికి వచ్చినవాళ్లు ఎవరు? మతి తప్పినవాళ్లు కాదు. మీలాంటివాళ్లు, నాలాంటివాళ్లు. నలుగురిలో ముఖం ఎర్రబడుతుందని బయటికి రానివాళ్లు, తన చూపు ఎదుటివాళ్లకు ఇబ్బంది కలిగిస్తుందేమోనని తల దించుకు తిరిగేవాళ్లు, నిద్రపట్టదన్న దిగులుతో నిద్రపోనివాళ్లు, తాళం వేశానో లేదోనని నాలుగుసార్లు వెనక్కి వెళ్లేవాళ్లు. ఇలాంటి స్వభావానికి జపాన్ వాళ్లు షింకెయిషిత్సు అన్న మాట వాడతారు. మన మాటల్లో చెప్పాలంటే సున్నితమైన మనసు, ఎక్కువ పట్టింపు, తన లోపలికి తాను ఎక్కువగా చూసుకునే అలవాటు.

వీళ్లను మొరిటా చూసిన తీరు నాకు ఎంతో నచ్చుతుంది. బలహీనులని ఆయన అనుకోలేదు. బతకాలనే కోరిక, బాగా బతకాలనే కోరిక వీళ్లలో మామూలుకన్నా బలంగా ఉందనుకున్నాడు. చావు భయం బతుకు మీది ఆశకు బొరుసు. సభలో నలుగురూ మెచ్చుకోవాలనే తహతహ లేనివాడికి సభాకంపం ఎందుకుంటుంది? పరీక్ష రాయబోయే అమ్మాయికి కడుపులో తిప్పుతోందంటే ఆ పరీక్ష ఆమెకు అంత ముఖ్యమన్నమాట. కాబట్టి భయాన్ని కోసి పారేయాలని చూస్తే దానితోపాటు కోరికనూ కోసుకోవాలి. మీ భయం ఎంత పెద్దదో మీకు కావలసింది అంత పెద్దది అని రోగితో చెప్పగలిగిన వైద్యుడు ఎంత మేలు చేసినట్టు!

మరి చిక్కు ఎక్కడ పడుతోంది? రాత్రి పడుకున్నారు. పక్కింటి మోటారు శబ్దం వినిపించింది. రోజూ ఉండేదే. ఇవాళ మాత్రం, ఈ శబ్దానికి నిద్ర పట్టదేమో అనిపించింది. అనిపించగానే చెవి అటు వెళ్లింది. చెవి వెళ్లగానే శబ్దం పెద్దదైంది. పెద్దదైన కొద్దీ చెవి ఇంకా అక్కడే అతుక్కుంది. దృష్టి బాధను పెంచుతుంది, పెరిగిన బాధ దృష్టిని లాక్కుంటుంది. ఒకటి రెండోదాన్ని మేపుతుంది. ఈ సుడిలో చిక్కుకోవడాన్ని మొరిటా తొరావరే అన్నాడు. చిక్కుబడటం, పట్టుబడటం అని ఆ మాటకు అర్థం.

దీన్ని చెప్పడానికి ఆయన జెన్ సంప్రదాయం నుంచి ఒక పోలిక తెచ్చుకున్నాడు. గుంజకు కట్టిన గాడిద విడిపించుకుందామని గుంజ చుట్టూ తిరుగుతుంది. తిరిగిన కొద్దీ తాడు చుట్టుకుంటూ పోతుంది. చివరికి ముట్టె గుంజకు ఆనుకుని కదలలేక నిలబడిపోతుంది. తిరగకుండా ఉండి ఉంటే తాడు పొడవున్నంత మేరా హాయిగా గడ్డి మేసేది. పల్లెటూళ్లో పుట్టినవాళ్లకు ఇది విడమరిచి చెప్పనక్కర్లేదు. భయపడకూడదు, భయపడకూడదు అని లోలోపల జపం చేయడం గుంజ చుట్టూ వేసే ఒక్కో ప్రదక్షిణ.

భావోద్వేగాలకు ఒక నడక ఉందని కూడా ఆయన రాశాడు. వాటి జోలికి పోకుండా ఉంటే కొండలా ఎక్కుతాయి, శిఖరానికి చేరతాయి, దిగిపోతాయి. కెలికితే మళ్లీ ఎక్కుతాయి. కోపం వచ్చినప్పుడు కోపం ఎందుకొచ్చిందని గంటసేపు ఆలోచించి చూడండి, గంటసేపూ కోపం ఉంటుంది.

ఇక ఆ ఇంట్లో చికిత్స ఎలా సాగేదో చెప్పాలి. నాలుగు దశలు, అన్నీ కలిపి సుమారు 40 రోజులు. మొదటి దశలో రోగి గదిలో ఒంటరిగా పడుకోవాలి. నాలుగు రోజుల నుంచి వారం దాకా. పుస్తకం లేదు, కబుర్లు లేవు, సిగరెట్టు లేదు, చూడటానికి ఎవరూ రారు. తిండికీ, కాలకృత్యాలకూ లేవడం, మళ్లీ పడుకోవడం. ఏ ఆలోచన వస్తే ఆ ఆలోచన రానివ్వాలి. ఏ బాధ వస్తే ఆ బాధ పడాలి. తప్పించుకోవడానికి ఏమీ చేయకూడదు.

మొదటి రోజు విశ్రాంతిగానే ఉంటుంది. రెండో రోజుకు ఉన్న దిగుళ్లన్నీ ఒక్కసారి మీద పడతాయి. పాత అవమానాలు, రేపటి భయాలు, అసలు జబ్బు. పారిపోయే దారి లేక వాటి మధ్యలోనే పడుకుంటే, బాధ ఒక హద్దు దాకా పెరిగి, ఎవరూ ఏమీ చేయకుండానే కరిగిపోతుంది. తన గురించి తాను ఎంత ఆలోచించినా దానికీ ఒక ముగింపు ఉందని రోగికి అనుభవంలో తెలుస్తుంది. ఆ తర్వాత వచ్చేది విసుగు. ఎంతసేపు ఇలా పడి ఉండటం, లేచి ఏదైనా చేద్దామనే విసుగు. మొరిటా కాచుకుని ఉండేది దీని కోసమే. కాళ్లూ చేతులూ పని అడగడం మొదలుపెట్టాయంటే బతుకు మీది కోరిక మళ్లీ తలెత్తిందని లెక్క.

రెండో దశలో చిన్న చిన్న పనులు. పెరట్లో ఆకులు ఏరడం, ఊడవడం. కబుర్లు ఇప్పటికీ లేవు. మూడో దశలో కట్టెలు కొట్టడం, తోటపని, వంటింటి పని, స్నానాల గదికి నీళ్లు కాచడం. నాలుగో దశలో వీధిలోకి వెళ్లి పనులు చక్కబెట్టుకు రావడం. కూరగాయల మార్కెట్టుకు పంపి, అక్కడ పారేసిన ఆకులూ తొడిమలూ ఏరుకొచ్చి కోళ్లకూ కుందేళ్లకూ వేయమనేవాడు. ఈ రోగులలో చదువుకున్నవాళ్లు, మంచి ఉద్యోగస్థులు ఉండేవారు. నలుగురూ చూస్తున్నారనే భయంతోనే ఇక్కడికి వచ్చినవాళ్లు నలుగురి మధ్యా వంగి ఆకులు ఏరుతున్నారు. సిగ్గు ఉంటుంది. చెవులు ఎర్రబడతాయి. కోళ్లు మాత్రం ఇంటి దగ్గర ఆకలితో ఉన్నాయి. ఏ ఆకు కుళ్లింది, ఏది పనికొస్తుంది అని చూసుకునే కొద్దీ కళ్లు ఎదుటివాళ్ల మీద నుంచి బుట్ట మీదికి వస్తాయి. సిగ్గు ఎప్పుడు తగ్గిందో ఎవరూ గడియారం పెట్టి చూడలేదు.

రెండో దశ నుంచి రోగులు రోజూ డైరీ రాయాలి. మొరిటా దాన్ని చదివి ఎర్ర సిరాతో పక్కన రాసేవాడు. మళ్లీ దడ వచ్చింది, మళ్లీ నిద్రపట్టలేదు అని పేజీలు నింపితే వాటిని పెద్దగా పట్టించుకునేవాడు కాదు. ఇవాళ ఏం చేశావు, ఏం చూశావు అన్న దగ్గరే ఆయన కలం ఆగేది. జబ్బు గురించి అడగకపోవడం కూడా ఆ చికిత్సలో ఒక భాగమే. బయటివాళ్లకు ఇది కఠినంగా కనిపించవచ్చు. కానీ అదే ఇంట్లో వాళ్లతోపాటు పనిచేస్తూ, వాళ్ల రాతలన్నీ రోజూ ఓపికగా చదివే మనిషికి దయ లేదని నేను అనుకోలేను.

ఆ రోజుల్లోనే జపాన్‌లో ఫ్రాయిడ్ సిద్ధాంతాన్ని భుజాన వేసుకున్న ప్రొఫెసర్ మారుయికీ మొరిటాకూ వైద్య సభల్లో గట్టి వాదాలు నడిచాయి. బాల్యంలోకి వెళ్లి మూలం తవ్వాలని ఒకరు, మూలం తవ్వుతూ కూర్చుంటే ఇవాళ్టి పని ఎవరు చేస్తారని ఒకరు. నేను పండితుణ్ని కాను, తీర్పు చెప్పను. పొలానికి నీళ్లు కట్టాల్సిన వేళ కాలువ ఎవరు తవ్వించారో చర్చించడం కన్నా మడవ తీయడం ముఖ్యమని మాత్రం అనిపిస్తుంది.

ఇదంతా నాకెందుకు పట్టింది అంటే, నా చేయి వణుకుతుంది. ఎవరైనా చూస్తుంటే సంతకం పెట్టలేను. ఇంట్లో కూర్చుని పేజీలకు పేజీలు రాస్తాను, ఎదురుగా మనిషి నిలబడితే వేళ్లు బిగుసుకుపోతాయి. నాన్న పోయాక ముగ్గురు అన్నదమ్ములం పొలం పంచుకున్నాం. రిజిస్ట్రేషన్ రోజున ప్రతి పేజీకీ సంతకం చేయాలి. డాక్యుమెంట్ రైటర్ పక్కనే నిలబడి పేజీలు తిప్పుతున్నాడు. వెనక జనం. నా చూపంతా నా కుడిచేతి మీదే. వణక్కూడదు, వణక్కూడదు అనుకుంటూ ఒక్కో పేజీ గట్టెక్కించాను. చెమటలు పట్టాయి. మొత్తానికి అయిపోయిందని బయటికొచ్చి గుండెల నిండా ఊపిరి పీల్చుకున్నాను.

రెండేళ్ల తర్వాత బ్యాంకు లోను కోసం దస్తావేజు తీస్తే, నా వాటాకు తూర్పు హద్దు తప్పుగా పడి ఉంది. అన్నయ్య పొలం ఉండాల్సిన చోట మరొకరి పేరు. ఆ కాగితం నా చేతుల మీదుగానే వెళ్లింది. ప్రతి పేజీ మీదా నా సంతకం ఉంది. ఒక్క లైను కూడా నేను చదవలేదు. చేతిని కాపలా కాస్తూ కూర్చున్నవాణ్ని కాగితం ఎక్కడ చూస్తాను?

సవరణ దస్తావేజుకు మళ్లీ వెళ్లాల్సి వచ్చింది. ఈలోగా మొరిటా గురించి చదివాను. ఈసారి చేయి వణకకుండా చూసుకోవాలన్న ఆలోచన పక్కన పెట్టాను. వణికితే వణకనీ, నేను వచ్చింది హద్దు సరిచేయించుకోవడానికి అనుకున్నాను. వేలు పెట్టి చదువుకుంటూ వెళ్లాను. సర్వే నంబరు, విస్తీర్ణం ఎకరాల్లో, సెంట్లలో. తూర్పు, దక్షిణం, పడమర, ఉత్తరం. ఒకచోట ఇంటిపేరులో అక్షరం తప్పు కనిపించి ఆపించాను. సంతకాలు పెట్టాను. చేయి వణికింది. అక్షరాలు కాస్త వంకరగా వచ్చాయి. అక్కడ ఎవరూ ఏమీ అనలేదు. నా చేయి ఇప్పటికీ వణుకుతుంది. బ్యాంకులో వణుకుతుంది, పెళ్లిళ్లలో చదివింపుల పుస్తకం దగ్గర వణుకుతుంది. తేడా ఒక్కటే, ఆ పనులు తప్పించుకోవడం మానేశాను.

మీ సంగతికి వద్దాం. మూడ్ లేదు అనే మాట మనం రోజుకు ఎన్నిసార్లు అంటున్నాం? మూడ్ వచ్చాక చదువుతాను, ధైర్యం వచ్చాక మాట్లాడతాను, మనసు కుదుటపడ్డాక ఉద్యోగం వెతుకుతాను. ఈత వచ్చాకే చెరువులో దిగుతానన్నట్టు. మొరిటా చెప్పిన కిటుకు ఏమిటంటే, మనసు మన మాట వినదు, కాళ్లూ చేతులూ వింటాయి. సంతోషించు అని మనసుకు ఆజ్ఞ ఇచ్చి చూడండి, సంతోషించదు. కుర్చీలోంచి లే అని కాళ్లకు చెప్పండి, లేస్తాయి. ఏడుస్తూ కూడా లేస్తాయి. చేతనైన చోట పెత్తనం చేయండి, చేతకాని చోట వదిలేయండి.

ఇంటర్వ్యూకు వెళుతున్నారు, ఇంగ్లిషు తడబడుతుందని భయం. తడబడకూడదని పట్టుదల పెట్టుకుంటే చెవి మీ మాట మీదే ఉంటుంది, ఎదుటివాడు అడిగింది వినపడదు. తడబాటును దాని మానాన వదిలి, అడిగిన ప్రశ్నను చివరి మాట దాకా వినండి. అర్థం కాకపోతే మళ్లీ అడగండి. మీ పని ప్రశ్నకు జవాబు చెప్పడం. ధైర్యంగా కనబడటం మీ పనుల జాబితాలో లేదు.

చాన్నాళ్లుగా చేయాల్సిన ఫోను ఒకటి ఉంటుంది. అప్పు అడిగిన స్నేహితుడికి ఇవ్వలేనని చెప్పాలి, లేదా అలిగిన పిన్నిని పలకరించాలి. గుండె బరువెక్కుతుంది. ఎక్కనివ్వండి. నంబరు నొక్కడానికి వేలు చాలు. గ్రూప్స్‌కు చదివే పిల్లలు, ఏళ్ల తరబడి గదుల్లో ఉండి చదివేవాళ్లు, ఏకాగ్రత రావట్లేదని నాకు ఉత్తరాలు రాస్తుంటారు. ఏకాగ్రత రాకుండానే పుస్తకం తెరవమంటాను. మనసు ఊరి మీద తిరుగుతుంటే తిరగనిచ్చి, కళ్లతో లైను చదివి, చేత్తో నోట్సు రాయమంటాను. అరగంటకు మనసు దానంతటది వచ్చి పక్కన కూర్చుంటుంది. ఒక్కోసారి రాదు. అప్పటికీ నాలుగు పేజీలు అయి ఉంటాయి.

నిద్ర పట్టనివాళ్లు నిద్రపోవాలన్న పంతం వదలండి. దీపం ఆర్పి పడుకోవడం మీ వంతు. నిద్ర రావడం నిద్ర వంతు. వారం రోజుల పాటు డైరీ కూడా రాసి చూడండి. ఎలా అనిపించిందో కాదు, ఏం చేశారో రాయండి. బట్టలు ఉతికి ఆరేశాను, కరెంటు బిల్లు కట్టాను, అమ్మకు కళ్లజోడు బాగుచేయించాను. దిగులుగా గడిచిందనుకున్న రోజున కూడా ఎన్ని పనులు జరిగాయో కాగితం మీద కనబడుతుంది.

ఇక్కడ ఒక సంగతి గట్టిగా చెప్పాలి. అరుగమామ అనేది మొరిటా పద్ధతిలో ప్రాణం లాంటి మాట. ఉన్నది ఉన్నట్టు అని అర్థం. మన దగ్గర ఈ మాటను సర్దుకుపోవడం అనే అర్థంలోకి లాగేసే ప్రమాదం ఉంది. ముఖ్యంగా ఆడవాళ్ల విషయంలో. మొగుడు కొడతాడు, ఉన్నది ఉన్నట్టు స్వీకరించు. పై అధికారి వేధిస్తాడు, స్వీకరించు. ఇది అరుగమామ కాదు, పచ్చి అన్యాయం. ఉన్నది ఉన్నట్టు ఉండనివ్వాల్సింది లోపలి భావాన్ని. బయటి పరిస్థితిని మార్చాల్సి వస్తే మార్చడమే పని. కొట్టే మొగుడంటే భయం ఉంటుంది, ఆ భయాన్ని ఒప్పుకోండి. ఒప్పుకుని, వణుకుతున్న కాళ్లతోనే పుట్టింటికో పోలీస్ స్టేషనుకో నడవండి. భయం పోయాక వెళ్దామనుకుంటే ఆ రోజు ఎప్పటికీ రాదు.

ఇంకో హద్దు. ఇది అన్ని మనోవ్యాధులకూ మందు కాదు. పక్క మీద నుంచి లేవలేనంత కుంగుబాటు, చచ్చిపోవాలన్న ఆలోచనలు, లేని మాటలు వినిపించడం ఉంటే పనిలో పడమని చెప్పడం క్రూరత్వం. మొరిటా కూడా తన పద్ధతి ఎవరికి పనికొస్తుందో చూసి ఎంచుకునేవాడు. అలాంటి లక్షణాలు ఉంటే సైకియాట్రిస్టు దగ్గరికి వెళ్లండి. ఎవరిని అడగాలో తెలియకపోతే కేంద్ర ప్రభుత్వపు టెలీ మానస్ నంబరు 14416 ఉంది. 2022 అక్టోబరులో మొదలైంది, తెలుగులో మాట్లాడతారు, డబ్బు కట్టనక్కర్లేదు. ఫోన్ చేయడానికి మొహమాటం వేస్తే, మొహమాటంతోనే చేయండి.

మొరిటా పద్ధతి జపాన్ దాటి చాలా దూరమే వెళ్లింది. న్యూయార్క్‌లో పేరున్న మనోవిశ్లేషకురాలు కేరెన్ హార్నీ 1952లో జపాన్ వెళ్లినప్పుడు దీని మీద ఆసక్తి చూపింది. డేవిడ్ రేనాల్డ్స్ అనే అమెరికన్ మానవశాస్త్రవేత్త దీన్ని తన దేశపు మామూలు జనానికి పాఠాలుగా మార్చి పుస్తకాలు రాశాడు. ఇంగ్లండ్‌లోని ఎక్సెటర్ విశ్వవిద్యాలయం వాళ్లు కుంగుబాటు ఉన్నవాళ్ల మీద చిన్న స్థాయిలో ప్రయోగించి చూశారు. టోక్యోలో ఆయన పాఠాలు చెప్పిన జికెయి వైద్యవిద్యాలయం ఈనాటికీ దాన్ని నేర్పుతోంది, వాడుతోంది.

ఆయన సొంత జీవితం మాత్రం చివరికి వచ్చేసరికి మహా బరువెక్కింది. క్షయ వ్యాధి ఏళ్ల తరబడి పీడించింది. 1930లో ఒక్కగానొక్క కొడుకు ఇరవై ఏళ్ల వయసులో పోయాడు. 1935లో రోగులందరికీ అన్నం పెట్టిన హిసాయి పోయింది. మానసిక వైద్యుడు కాబట్టి నిబ్బరంగా ఉండాలని ఆయన నటించలేదు. కొడుకు కోసం అందరి ముందూ ఏడ్చాడు. వాడి జ్ఞాపకాలు రాసి అచ్చువేశాడు. కోలుకున్న రోగులు నెలనెలా కలుసుకునే సమావేశాలు 1929 నుంచీ జరుగుతుండేవి. నడవలేని రోజుల్లో కూడా వాటికి వెళ్లి మాట్లాడాడు.

గుడిలో నరకం బొమ్మ చూసిన పిల్లవాడి చావు భయం 64 ఏళ్ల దాకా ఆయనను వదల్లేదు. వదిలిందని ఆయన ఎన్నడూ చెప్పుకోలేదు. 1938 ఏప్రిల్‌లో ఊపిరి అందక మంచం మీద ఉన్నప్పుడు, తనకు చావంటే భయంగా ఉందని శిష్యుల ముందే ఒప్పుకున్నాడు. మామూలు మనిషి ఎలా చచ్చిపోతాడో దగ్గరుండి చూసి నేర్చుకోమన్నాడు. శిష్యులు చుట్టూ నిలబడి ఉన్నారు. ఆయన కన్నీళ్లు దాచుకోలేదు.